వినపడని బిడ్డకు భాష అందించడం: పుట్టిన నెల నుంచి బడి దాకా

శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల్లో ఏ ఊళ్ళో అడిగినా ఒకటే మాట వస్తుంది: "వాళ్ళ నాన్నకీ మాటలు ఆలస్యంగానే వచ్చాయమ్మా, చూద్దాం." ఆ చూద్దాంలోనే బిడ్డకు రెండేళ్ళు, మూడేళ్ళు నిండిపోతాయి. వినికిడి లేకుండా పుట్టిన బిడ్డకు చెవి వల్ల కలిగే నష్టం కన్నా, ఆ మూడేళ్ళూ ఏ భాషా సరిగ్గా అందకపోవడం వల్ల కలిగే నష్టం పెద్దది. వినికిడి మిషన్ వచ్చేదాకానో, ఆపరేషన్ అయ్యేదాకానో, బడిలో చేరేదాకానో భాషను ఆపి ఉంచకూడదు. చెవికి చేయాల్సిన వైద్యం ఒక పక్క, ఇంట్లో భాష ఇంకో పక్క, రెండూ ఒకే రోజు మొదలవ్వాలి. ఆ పని ఎలా చేయాలో అమ్మానాన్నలకూ, బిడ్డను చూసుకునే అమ్మమ్మ నాన్నమ్మలకూ, అంగన్‌వాడీ టీచర్లకూ, ఆశా కార్యకర్తలకూ ఇక్కడ చెబుతున్నాం.

అనుమానం ఎప్పుడు పడాలి

వినపడని పసిబిడ్డ కూడా మొదటి నెలల్లో అందరిలాగే ఊకొడుతుంది, కేరుతుంది, గట్టిగా ఏడుస్తుంది. అందుకే ఇంట్లోవాళ్ళకు అనుమానం రాదు. తేడా తెలిసేది 6 నెలల తర్వాత. వినే బిడ్డ 7 నుంచి 10 నెలల మధ్య "బబబ", "దదద" అని అక్షరాలు గొలుసు కట్టి పలుకుతుంది. 11 నెలలు నిండినా ఆ గొలుసు పలుకు రాకపోతే అది చాలా గట్టి గుర్తు. అంతకుముందే కనిపించేవి కొన్ని ఉన్నాయి: పెద్ద చప్పుడుకు ఉలిక్కిపడకపోవడం, 3 నెలలకు అమ్మ గొంతు వినగానే ఏడుపు తగ్గకపోవడం, 6 నెలలకు వెనక నుంచి పిలిస్తే తల తిప్పకపోవడం.

పళ్ళెం మీద గరిటెతో కొట్టి చూసే పరీక్షను నమ్మొద్దు. నేల అదురుతుంది, చెయ్యి కదిలిన నీడ పడుతుంది, గాలి తగులుతుంది. బిడ్డ వాటికి తిరుగుతుంది, మనం వినపడిందని సంబరపడతాం. కొంత వినికిడి మిగిలి ఉన్న బిడ్డ పళ్ళెం చప్పుడు వింటుంది కానీ మాట వినలేదు. మామూలు సంభాషణ 60 డెసిబెల్స్ దగ్గర ఉంటే పళ్ళెం దెబ్బ దాన్ని చాలా దాటుతుంది.

కొందరు పిల్లలకు గుర్తుల కోసం ఎదురుచూడకుండానే పరీక్ష చేయించాలి. నెలలు నిండకుండా లేదా బాగా తక్కువ బరువుతో పుట్టినవాళ్ళు, పిల్లల ఐసీయూలో 5 రోజులకు మించి ఉన్నవాళ్ళు, రక్తం మార్చాల్సినంత కామెర్లు వచ్చినవాళ్ళు, మెదడు పొరల వాపు (మెనింజైటిస్) వచ్చినవాళ్ళు, జెంటామైసిన్, అమికాసిన్ లాంటి ఇంజెక్షన్లు ఎక్కువ రోజులు పడినవాళ్ళు, గర్భంలో ఉండగా తల్లికి రుబెల్లా వచ్చినవాళ్ళు ఇందులోకి వస్తారు. మేనరికం పెళ్ళిళ్ళు మన దగ్గర ఎక్కువ. తల్లికీ తండ్రికీ ఇద్దరికీ వినపడుతున్నా, ఒకే లోపమున్న జన్యువు ఇద్దరి నుంచీ బిడ్డకు చేరితే పుట్టు చెవుడు రావచ్చు. ఇది ఎవరి తప్పూ కాదు. కోడల్ని నిందించడం మానేసి, తర్వాతి బిడ్డకు పుట్టిన వారంలోనే పరీక్ష చేయిస్తే మేలు.

పరీక్షలు: ఏవి, ఎప్పుడు, ఎలా

ప్రపంచమంతటా పాటించే లెక్క 1-3-6. నెల లోపు మొదటి పరీక్ష, 3 నెలల లోపు ఖాయం చేసే పరీక్ష, 6 నెలల లోపు మిషన్, శిక్షణ మొదలు. ఈ 6 నెలల గీతకు ఆధారం ఉంది. అమెరికాలోని కొలరాడోలో 150 మంది పిల్లల మీద చేసి 1998లో అచ్చువేసిన అధ్యయనంలో, 6 నెలల లోపు గుర్తించి పని మొదలుపెట్టిన పిల్లలు భాషలో తర్వాత గుర్తించిన పిల్లలకన్నా స్పష్టంగా ముందున్నారు. లోపం ఎక్కువైనా తక్కువైనా, ఇంటి ఆదాయం ఎంతైనా, ఇంట్లో మాట వాడినా సైగ వాడినా ఆ తేడా నిలిచింది.

మొదటి పరీక్ష ఓఏఈ. చెవిలో చిన్న రబ్బరు మొన పెట్టి లోపలి చెవి నుంచి వచ్చే ప్రతిధ్వనిని కొలుస్తారు. నొప్పి లేదు, నిమిషాల్లో అయిపోతుంది. పుట్టిన మొదటి రోజే చేస్తే చెవిలో ఇంకా ఉన్న ద్రవం వల్ల "రిఫర్" (మళ్ళీ పరీక్షించాలి) అని రావచ్చు. భయపడొద్దు, అలాగని వదిలేయొద్దు. కొద్ది రోజుల తర్వాత మళ్ళీ చేయించండి. రెండోసారి కూడా రిఫర్ వస్తే, చెవి నుంచి మెదడుకు వెళ్ళే నరం స్పందన చూసే బేరా పరీక్షకు వెళ్ళాలి.

ఓఏఈ పాసైనా సరిపోని పిల్లలున్నారు. ఐసీయూలో ఉన్న బిడ్డకూ, తీవ్రమైన కామెర్లు వచ్చిన బిడ్డకూ లోపలి చెవి బాగానే ఉండి, అక్కడి నుంచి మెదడుకు వెళ్ళే నరం దగ్గర సంకేతం చెదిరిపోవచ్చు. అలాంటప్పుడు ఓఏఈ పాస్ అంటుంది, బేరా తప్పు చూపిస్తుంది. ఈ పిల్లలకు మొదటే బేరా అడగండి.

బేరాకు బిడ్డ నిద్రపోవాలి. తలకు, చెవుల వెనక చిన్న తీగలు అంటించి, చెవిలో శబ్దం వేసి నరం స్పందన చూస్తారు. గంట దాకా పట్టవచ్చు. 3, 4 నెలల లోపు పిల్లలకు పాలు పడితే సహజంగా పట్టే నిద్రే చాలు. పెద్ద పిల్లలకు డాక్టరు నిద్ర సిరప్ రాస్తారు. ఇంటి దగ్గరే తాగించి బస్సెక్కొద్దు, ఆసుపత్రిలోనే ఇవ్వాలి. ముందు రాత్రి ఆలస్యంగా పడుకోబెట్టి, పొద్దున్నే లేపి, దారిలో నిద్రపోకుండా ఆడించండి. పలాస నుంచో పార్వతీపురం నుంచో రైల్లో తెచ్చేటప్పుడు సగం పరీక్షలు పాడయ్యేది ఇక్కడే: బిడ్డ దారంతా పడుకుని ఆసుపత్రిలో కళ్ళు విప్పుకుని కూర్చుంటుంది. తలకు నూనె రాయకండి, తీగలు అంటుకోవు. జలుబు, చెవిలో చీము ఉంటే ముందే చెప్పండి.

రిపోర్టు తీసుకునేటప్పుడు రెండు సంగతులు అడగాలి. క్లిక్ శబ్దంతో ఒక్కటే చేశారా, వేర్వేరు స్థాయిల (హెచ్చు, తగ్గు శ్రుతుల) శబ్దాలతో కూడా చేశారా? క్లిక్ ముఖ్యంగా 2000 నుంచి 4000 హెర్ట్జ్ మధ్య వినికిడినే చెబుతుంది. మిషన్ సరిగ్గా అమర్చాలంటే తక్కువ స్థాయి స్వరాల సంగతీ తెలియాలి. రెండోది, "90 డెసిబెల్స్ దగ్గర స్పందన లేదు" అని రాస్తే వినికిడి పూర్తిగా సున్నా అని అర్థం కాదు. ఆ యంత్రం వేసిన శబ్దానికి జవాబు రాలేదని మాత్రమే. మిషన్ పెట్టి చూడకుండా ఎవరూ ఏమీ తేల్చకూడదు.

ఎక్కడికి వెళ్ళాలి? 2013లో మొదలైన రాష్ట్రీయ బాల స్వాస్థ్య కార్యక్రమంలో పుట్టు చెవుడు కూడా ఉంది. ఆ బృందం అంగన్‌వాడీకి వచ్చినప్పుడు బిడ్డను చూపించి జిల్లా స్థాయిలోని డీఈఐసీకి (పిల్లల లోపాలను తొందరగా గుర్తించి చికిత్స మొదలుపెట్టే కేంద్రానికి) రాయించుకోండి. జిల్లాలో బేరా కుదరకపోతే విశాఖపట్నంలో కేజీహెచ్, ప్రభుత్వ ఈఎన్‌టీ ఆసుపత్రి ఉన్నాయి. వెళ్ళేటప్పుడు పుట్టినప్పటి డిశ్చార్జి కాగితం, ఐసీయూ కాగితాలు, టీకాల కార్డు, ఆధార్ ఒకే సంచిలో పెట్టుకోండి. సదరం సర్టిఫికెట్‌కు (వైకల్య ధ్రువపత్రానికి) స్లాట్ సచివాలయంలో వేస్తారు. 2016 వికలాంగుల హక్కుల చట్టం ప్రకారం రెండు చెవుల్లోనూ 70 డెసిబెల్స్ లోపం ఉంటే బధిరులు, 60 నుంచి 70 మధ్య ఉంటే వినికిడి తక్కువ ఉన్నవాళ్ళు. సర్టిఫికెట్ పని నెల ఆలస్యమైనా కొంప మునగదు. మిషన్, భాష మాత్రం దానికోసం ఆగకూడదు.

రిపోర్టు చేతికొచ్చిన రోజు నుంచే

ఇంట్లో చేయాల్సిన పనిలో ఎక్కువ భాగం ఇదే, పైసా ఖర్చు లేనిదీ ఇదే.

వినే బిడ్డ బొమ్మను చూస్తూనే అమ్మ మాట వింటుంది. వినపడని బిడ్డకు కళ్ళే చెవులు కూడా కాబట్టి, బొమ్మను చూసేటప్పుడు అమ్మను చూడలేదు. అందుకని వరస మారాలి. బిడ్డ ఏం చూస్తోందో ముందు మీరు చూడండి. ఆగండి. బిడ్డ తనంతట తాను మీ ముఖం వైపు తిరిగే దాకా లోలోపల 5 లెక్కపెట్టండి. తిరగగానే నవ్వి, ఆ వస్తువు సైగ చేసి మాట కూడా అనండి. మళ్ళీ బిడ్డ వస్తువు వైపు చూస్తుంది, వదిలేయండి. బధిర తల్లులు తమ బధిర బిడ్డలతో ఉండే తీరును గమనించిన పరిశోధకులు చూసింది ఇదే: వాళ్ళు తక్కువసార్లు చెబుతారు, కానీ చెప్పిన ప్రతిదీ బిడ్డ కంట్లో పడుతుంది. వినే తల్లులు గబగబా ఎక్కువ చెబుతారు, అందులో చాలా భాగం బిడ్డ అటు తిరిగి ఉండగా పోతుంది.

బిడ్డ తిరగకపోతే భుజం మీద మెత్తగా రెండుసార్లు తట్టండి, లేదా కంటి అంచున చెయ్యి ఊపండి. గడ్డం పట్టుకుని ముఖం తిప్పొద్దు. నాలుగుసార్లు అలా చేస్తే బిడ్డ కళ్ళు మూసుకోవడం నేర్చుకుంటుంది. మాటిమాటికీ మీవైపు తిప్పుకోవడం కన్నా, మీరే సైగను బిడ్డ చూపు దగ్గరికి తీసుకెళ్ళడం మేలు: చేపను చూస్తుంటే ఆ చేప పక్కనే చెయ్యి పెట్టి చేప సైగ చేయండి. వస్తువును మీ ముఖం దగ్గరికి ఎత్తి చూపించినా చాలు, వస్తువూ ముఖమూ ఒకే చూపులో పడతాయి.

మన ఇళ్ళలో దీనికి బాగా కుదిరే వేళలున్నాయి. నాన్నమ్మ కాళ్ళు చాచి బిడ్డను పడుకోబెట్టి నీళ్ళు పోసే వేళ ముఖానికి ముఖం ఎదురుగా ఉంటుంది. నీళ్ళు, వేడి, చల్లన, చెయ్యి, కాలు, అయిపోయింది అన్నవి రోజూ అదే వరసలో వస్తాయి. అదే వరసలో రావడమే నేర్పే గుణం. సైగ చేయాలంటే ఒక చెయ్యి ఖాళీ కావాలి కాబట్టి చెంబు ఒక్కసారి కింద పెట్టండి. చోడి అంబలి తాగించేటప్పుడు ఒక్కో గుక్కకీ "ఇంకా?" అని అడిగి జవాబు కోసం ఆగండి. చంకన ఎత్తుకుంటే బిడ్డకు మీ ముఖం కనబడదు, చెప్పాల్సినప్పుడు ఎదురుగా తిప్పుకోండి. సాయంత్రం దీపం మీ ముఖం మీద పడాలి. కిటికీకి వీపు పెట్టి కూర్చుంటే మీరు నల్లటి నీడ.

మొదటి సైగలు ఏవి? అమ్మ, నాన్న, పాలు, నీళ్ళు, తిను, ఇంకా, వద్దు, అయిపోయింది, ఎక్కడ, రా, నొప్పి, నిద్ర. ఒట్టి వస్తువుల పేర్లతో నింపొద్దు. "ఇంకా", "వద్దు", "ఎక్కడ" బిడ్డకు పని చేసిపెడతాయి, అందుకే త్వరగా పట్టుకుంటుంది. వారానికి కొన్ని చొప్పున కలుపుతూ పోండి, తొందర్లోనే రెండేసి మూడేసి కలిపి చూపండి: "పాలు ఇంకా?", "నాన్న ఎక్కడ?" ఢిల్లీలోని భారతీయ సైగ భాష పరిశోధన, శిక్షణ సంస్థ 2015లో ఏర్పడింది. దాని నిఘంటువులో 10,000 పదాల దాకా వీడియోలు ఉన్నాయి, యూట్యూబ్‌లో ఉచితంగా దొరుకుతాయి. ఇంట్లో సొంతంగా పుట్టిన సైగలు వాడుకోండి, తప్పు లేదు. అక్కడితో ఆగితే మాత్రం చాలదు. ఇంటి సైగలతో "తిను, రా, పో" నడుస్తాయి కానీ "నిన్న", "ఎందుకంటే", "అలా అయితే" నడవవు. మీ మండలంలో సైగ భాష వచ్చిన బధిర పెద్దలెవరైనా ఉంటే వాళ్ళను వారానికి ఒకసారి ఇంటికి పిలవండి. ఏ వీడియో కన్నా అది మేలు. బధిర పిల్లల్లో పదికి తొమ్మిది మందికి పైగా వినే తల్లిదండ్రులకే పుడతారు, కాబట్టి చాలామంది పిల్లలు తమలాంటి పెద్దమనిషిని ఒక్కరినైనా చూడకుండా పెరుగుతారు.

బిడ్డ వేళ్ళు ఊరికే ఆడిస్తే కొట్టిపారేయకండి. సైగ చూస్తూ పెరిగే బిడ్డ 10 నెలల ప్రాంతంలో చేతులతోనే "బబబ" లాంటి ఆట ఆడుతుందని 1991లోనే చూపించారు. మీరు కూడా అదే ఆట తిరిగి ఆడండి.

వయసు రెండు దాటాక ఇంకో పని మొదలవుతుంది, దీన్నే ఎక్కువ ఇళ్ళలో వదిలేస్తారు. వినే పిల్లలు పెద్దలు మాట్లాడుకునేది పక్కనుండి విని సగం లోకం నేర్చుకుంటారు. మామయ్య ఎందుకు కోపంగా వెళ్ళాడో, అత్త ఎందుకు ఏడ్చిందో వినపడని బిడ్డకు ఎవరూ చెప్పరు. ఇతరులకు తెలిసింది, తెలియనిది, పొరపాటుగా అనుకున్నది వేరని గ్రహించడం వినే ఇళ్ళలోని బధిర పిల్లలకు చాలా ఆలస్యమవుతుందనీ, సైగ భాషలో పుట్టి పెరిగిన బధిర పిల్లలకు అలా ఆలస్యం కాదనీ అనేక అధ్యయనాలు చూపాయి. తేడా చెవిలో లేదు, ఇంట్లో జరిగే సంభాషణలో ఉంది. "నాన్న తాళం ఇక్కడుంది అనుకున్నాడు, అమ్మ తీసింది, నాన్నకు తెలియదు" లాంటివి రోజూ చెప్పండి. అనుకున్నాడు, మరిచిపోయాడు, భయపడింది, తెలియదు: ఈ నాలుగూ రోజూ వాడే మాటలు కావాలి. పైడితల్లి అమ్మవారి సిరిమాను చూపించడానికి తీసుకెళ్తుంటే ముందు రోజే ఫోన్లో బొమ్మ చూపించి ఏం జరగబోతోందో చెప్పండి, వచ్చాక ఫొటోలు పెట్టుకుని మళ్ళీ చెప్పించండి. చెప్పకుండా తీసుకెళ్తే ఆ బిడ్డకు అది ఒట్టి తోపులాట.

మిషన్: పెట్టించడం సులువు, నిలబెట్టడం పని

చెవి వెనక పెట్టే డిజిటల్ మిషన్, చెవి కొలతతో చేసిన, చెవిలో కూర్చునే మౌల్డ్ కావాలి, రెండు చెవులకూ. కీ మని కూత వస్తోందని చాలామంది మిషన్‌నే తీసేస్తారు. ఆ కూతకు కారణం మిషన్ కాదు, మౌల్డ్. బిడ్డ చెవి పెరుగుతుంది, మౌల్డ్ పెరగదు. మొదటి 6 నెలల్లో దాదాపు నెలకొకటి, ఏడాది దాకా రెండు నెలలకొకటి, తర్వాత 3 నుంచి 6 నెలలకొకటి మార్చాల్సి రావచ్చు. కొత్త మౌల్డ్ కొలత ఇచ్చి వచ్చిన రోజే తర్వాతి తేదీ రాయించుకోండి. కొత్తదే కూస్తుంటే చెవిలోకి సరిగ్గా తిప్పి పెట్టలేదనో, గుబిలి అడ్డుందనో అనుకోవాలి.

మన తీరంలో ఉక్క, చెమట మిషన్‌కు శత్రువులు. రాత్రి మిషన్ తీసి, బ్యాటరీ బయటకు తీసి, బ్యాటరీ తలుపు తెరిచి, సిలికా జెల్ గింజలున్న గట్టి మూత డబ్బాలో పెట్టండి. బ్యాటరీని ఆ డబ్బాలో పెట్టొద్దు, త్వరగా ఎండిపోతుంది. గింజల రంగు మారితే తేమ నిండిందని గుర్తు, కొత్తవి వేయండి. మౌల్డ్‌ను మిషన్ నుంచి విడదీసి గోరువెచ్చని నీళ్ళతో కడిగి, గొట్టంలో నీటిచుక్క లేకుండా గాలి ఊది, పూర్తిగా ఆరాక కలపాలి. గొట్టంలో ఒక్క చుక్క నిలిచినా శబ్దం ఆగిపోతుంది. మిషన్‌కు నీళ్ళు తగలకూడదు. చెవిలో వెల్లుల్లి కాచిన నూనె, ఏ నూనైనా, పోయొద్దు. తడి చెవిలో మౌల్డ్ ఉంటే బూజు పట్టి దురద, చీము వస్తాయి.

బ్యాటరీ సైజులు రంగుతో గుర్తుపడతారు: 13 నారింజ, 675 నీలం. ఇవి గాలితో పనిచేస్తాయి. స్టిక్కర్ పీకి కనీసం ఒక నిమిషం గాలి తగలనిచ్చాకే మిషన్‌లో పెట్టండి. వెంటనే మూసేస్తే త్వరగా అయిపోతుంది. పీకిన స్టిక్కర్ మళ్ళీ అంటిస్తే బతకదు. బిడ్డ బ్యాటరీ మింగిందని అనుమానం వస్తే వాంతి చేయించకుండా వెంటనే ఆసుపత్రికి వెళ్ళండి. తాళం ఉన్న బ్యాటరీ తలుపు అడిగి పెట్టించుకోండి. మిషన్‌కు దారం కట్టి చొక్కాకు క్లిప్ పెట్టండి, చెరువు గట్టునో బస్సులోనో పోయేవి అలా ఆగుతాయి.

రోజుకు ఎంతసేపు? మెలకువగా ఉన్నంతసేపూ. అమెరికాలో వినికిడి తక్కువ ఉన్న పిల్లల మీద చేసిన పెద్ద అధ్యయనంలో రోజుకు 10 గంటలు దాటి పెట్టుకున్న పిల్లల భాష వేగంగా పెరిగింది. మొదటి వారం పాలు తాగేటప్పుడు, ఆడేటప్పుడు అరగంట చొప్పున మొదలుపెట్టి రోజూ పెంచండి. బిడ్డ పీకేస్తే గొడవ చేయకుండా, ఆట మార్చి మళ్ళీ పెట్టండి. పలుచటి నూలు టోపీ కట్టవచ్చు, మైక్ మీద మందపాటి గుడ్డ మాత్రం కప్పొద్దు. బడికి మాత్రమే పెట్టి ఇంటికి రాగానే తీసేయడం మనవైపు బాగా కనిపించే అలవాటు. మాట నేర్చుకునేది ఎక్కువగా ఇంట్లోనే కదా.

ప్రతి పొద్దున రెండు నిమిషాల పరీక్ష ఉంది. ఆరు శబ్దాలు: మ్, ఊ, ఆ, ఈ, ష్, స్. తక్కువ స్థాయి నుంచి ఎక్కువ స్థాయి దాకా మాటకు కావలసిన శబ్దాలన్నీ ఈ ఆరింటిలో పడతాయి. బిడ్డకు పక్కన కొంచెం వెనకగా, పెదవులు కనబడకుండా కూర్చోండి. ఫ్యాను, టీవీ ఆపండి. మామూలు గొంతుతో ఒక్కొక్కటే అనండి, మధ్య విరామం ఒకసారి 2 సెకన్లు, ఒకసారి 6 సెకన్లు ఉండాలి. సమంగా ఉంటే బిడ్డ లెక్కతో ఊహిస్తుంది. పసిబిడ్డయితే చప్పరించడం ఆగిందా, కళ్ళు పెద్దవయ్యాయా చూడండి. రెండున్నర దాటితే శబ్దం వినగానే చెక్కముక్క గిన్నెలో వేయడం నేర్పండి. ఒక్కో చెవికి విడిగా, మొదట ఒక మీటరు దూరం నుంచి, తర్వాత మూడు మీటర్ల నుంచి చేయండి.

ఏదీ వినకపోతే బ్యాటరీ, గొట్టం చూడండి. నిన్నటిదాకా వచ్చి ఈరోజు స్, ష్ పోతే గొట్టంలో తేమ లేదా గుబిలి ఉందేమో చూడండి. మ్, ఊ తగ్గితే మౌల్డ్ వదులైందేమో చూడండి. శుభ్రం చేసినా మూడు రోజులు అలాగే ఉంటే ఆడియాలజిస్టు (వినికిడి నిపుణుల) దగ్గరికి వెళ్ళాలి. స్ శబ్దం చిన్నదని వదలొద్దు. వస్తాడు, తెస్తాడు, చేస్తాడు అన్నింటిలో జరగబోయేదని తెలిపే "స్తా"లో అది ఉంది. అది వినపడని బిడ్డకు "వచ్చాడు", "వస్తాడు" కలిసిపోతాయి. మాట చివర ఉండే డు, ది, రు, కి, తో, లో కూడా మన భాషలో నెమ్మదిగా పలుకుతాం. అందుకే బిడ్డతో ముక్క మాటలు వద్దు. "బంతి!" అనే బదులు "అన్న బంతి తెస్తాడు" అని పూర్తి వాక్యం, మామూలు వేగంతో. అరవొద్దు, అరిస్తే పెదవుల ఆకారం చెడుతుంది, మిషన్‌లో శబ్దం పగులుతుంది.

కాక్లియర్ ఇంప్లాంట్

తీవ్రమైన లోపం ఉండి, మంచి మిషన్లు సరిగ్గా వాడినా మాటకు చాలినంత వినికిడి రాకపోతే ఇంప్లాంట్, అంటే ఆపరేషన్‌తో లోపలి చెవిలో అమర్చి శబ్దాన్ని నేరుగా నరానికి అందించే పరికరం, ఆలోచించాలి. వినికిడి తాలూకు మెదడు భాగం శబ్దం కోసం ఎంతకాలం ఆగుతుందో కొలిచిన 2002 నాటి పరిశోధనలో, మూడున్నరేళ్ళ లోపు ఇంప్లాంట్ అయిన పిల్లల్లో ఆ స్పందన మామూలు స్థాయికి వచ్చింది, 7 ఏళ్ళు దాటాక అయినవాళ్ళలో ఎక్కువమందికి రాలేదు. వికలాంగులకు పరికరాలిచ్చే కేంద్రం ఏడిప్ పథకం, రాష్ట్రంలో డాక్టర్ ఎన్టీఆర్ వైద్య సేవ ఉన్నాయి. రెండింటికీ వయసు పరిమితి ఉంది, ఆసుపత్రిలో ఆ పథకాల పని చూసే సిబ్బందిని మొదటి రోజే అడగండి. ఆపరేషన్‌కు ముందు న్యుమోకోకల్, హిబ్ టీకాలు పూర్తవాలి. ఇంప్లాంట్ ఉన్నవాళ్ళకు మెదడు పొరల వాపు ముప్పు కొంచెం ఎక్కువ.

ఆపరేషన్ రోజున ఏమీ వినపడదు. కొన్ని వారాలకు స్విచ్ ఆన్ చేస్తారు, తర్వాత నెలల తరబడి మ్యాపింగ్ (బిడ్డకు సరిపడేలా పరికరాన్ని సర్దడం), ఏళ్ళ తరబడి థెరపీ. బయటి ప్రాసెసర్ తీగలు, బ్యాటరీలు, గ్యారంటీ అయిపోయాక మరమ్మతులు ఎవరు భరిస్తారో సంతకం పెట్టే ముందే అడిగి రాయించుకోండి. తీగ తెగి నెలల తరబడి పెట్టెలో పడి ఉన్న ప్రాసెసర్ వల్ల బిడ్డకు ఏ లాభమూ లేదు.

సైగ నేర్పితే మాట రాదంటారే?

ఈ వాదం పాతది. 1880లో ఇటలీలోని మిలాన్‌లో బధిర విద్యావేత్తల సభ బడుల్లో సైగలు వద్దని తీర్మానించింది. ఆ తీర్మానాన్ని 2010లో వాంకూవర్‌లో జరిగిన అదే అంతర్జాతీయ సభ తోసిపుచ్చింది. పరిశోధనలో రెండు వైపులా ఫలితాలున్నాయి, దాచడం సరికాదు. 2014లో, బధిర తల్లిదండ్రుల దగ్గర సైగతో పెరిగి ఇంప్లాంట్ కూడా అయిన పిల్లలు మాటలో వినే పిల్లలతో సమానంగా ఉన్నారని ఒక అధ్యయనం చూపింది. 2017లో ఇంకొకటి, ఇంప్లాంట్ అయిన పిల్లల్లో ఇంట్లో సైగ వాడనివాళ్ళే మాటలో, చదువులో మెరుగని చెప్పింది. ఆ ఇళ్ళలో సైగ ఎంత బాగా వచ్చో కొలవలేదని దాని మీద విమర్శ వచ్చింది. 2002లో వచ్చిన మరో పరిశోధన మనకు ఎక్కువ అక్కరకొస్తుంది: చిన్నప్పుడే ఏదో ఒక భాష, మాటైనా సైగైనా, పూర్తిగా వచ్చినవాళ్ళు పెద్దయ్యాక రెండో భాష బాగా నేర్చుకున్నారు. బాల్యంలో ఏ భాషా సరిగ్గా అందనివాళ్ళు తర్వాత ఏదీ పూర్తిగా పట్టలేకపోయారు.

థెరపీ సెంటర్ నెలకొకసారే దొరికే మండలాల్లో, మౌల్డ్ మార్పు రెండు నెలలు ఆలస్యమయ్యే చోట, మాట ఒక్కదాని మీదే అంతా పెట్టడం ప్రమాదమని మా గట్టి అభిప్రాయం. సైగ, మాట రెండూ ఇవ్వండి. ఇంప్లాంట్ అయి మాట బాగా సాగితే సైగ దానంతటదే వెనక్కి వెళ్తుంది, నష్టమేమీ లేదు. సాగకపోతే బిడ్డ చేతిలో భాష ఉంటుంది. ఇంట్లో సవరో ఒడియానో మాట్లాడే కుటుంబాలకూ ఇదే మాట: తల్లికి బాగా వచ్చిన భాషలోనే మాట్లాడండి, రాని తెలుగులో ముక్కలు చెప్పొద్దు.

అమ్మానాన్నలు వలస వెళ్ళిన ఇళ్ళలో

విశాఖకో, చెన్నైకో, హైదరాబాద్‌కో పనికి వెళ్ళి బిడ్డను ఊళ్ళో అమ్మమ్మ దగ్గర వదిలే కుటుంబాలు ఇక్కడ చాలా. అలాంటప్పుడు శిక్షణ అమ్మమ్మకు ఇవ్వాలి. థెరపీకి తీసుకెళ్ళేదీ, ఆరు శబ్దాలు చెప్పేదీ ఆమే కావాలి. 2000లో వచ్చిన నెబ్రాస్కా అధ్యయనంలో 112 మంది పిల్లలను 5 ఏళ్ళ వయసులో చూస్తే, పద సంపదకు అన్నిటికన్నా ఎక్కువగా ముడిపడింది కుటుంబం ఎంత పాలుపంచుకుంది అన్నదే. అక్షరం రాని అమ్మమ్మ ఈ పని బాగా చేయగలదు, ఆమెకు రోజంతా సమయముంది.

దూరంగా ఉన్న తండ్రి మామూలు ఫోన్ చేస్తే బిడ్డకు ఏమీ అందదు. వీడియో కాల్ చేసి సైగ చేస్తే అంతా అందుతుంది. రోజూ ఒకే వేళకు, 10 నిమిషాలు చాలు. ఫోన్ గోడకు ఆనించి పెట్టండి, చేతిలో పట్టుకుంటే ఒక చెయ్యే మిగులుతుంది. తండ్రి ముఖం మీద వెలుతురు, వెనక ఖాళీ గోడ ఉండాలి. ఆయన ఆ రోజు తిన్నది, చూసింది చూపించి చెబితే అదే పాఠం. ఇద్దరూ వెళ్ళేటప్పుడు బిడ్డను వెంట తీసుకెళ్తుంటే పరీక్షల కాగితాలు, మిషన్ సెట్టింగుల కాగితం ఫొటో తీసి ఫోన్లో పెట్టుకోండి.

అంగన్‌వాడీ, బడి

రేకుల కప్పు మీద వాన పడుతుంటే ఏ మిషనూ మాటను విడదీయలేదు. ఆ వేళ టీచర్ బొమ్మలు, సైగలు వాడాలి. మిగతా వేళల్లో బిడ్డను ముందు వరసలో, కిటికీకి వీపు పెట్టి కూర్చోబెట్టండి. అప్పుడు వెలుతురు టీచర్ ముఖం మీద పడుతుంది. ఫ్యాను, కుక్కర్, రోడ్డు చప్పుడు ఉన్న వైపు వద్దు. పిల్లలందరినీ అర్ధచంద్రాకారంలో కూర్చోబెడితే ఎవరు మాట్లాడుతున్నారో కనబడుతుంది. దూరం రెట్టింపైనప్పుడల్లా గొంతు సుమారు 6 డెసిబెల్స్ పడిపోతుంది, అందుకే గట్టిగా అరవడం కన్నా దగ్గరికి రావడం నయం. బోర్డు వైపు తిరిగి మాట్లాడొద్దు: రాయండి, తిరగండి, చెప్పండి. ఒక పిల్లవాడు జవాబు చెబితే అతన్ని చేత్తో చూపించి, జవాబు మళ్ళీ మీరు అనండి. "అర్థమైందా?" అని అడిగితే బిడ్డ ఎప్పుడూ తలూపుతుంది. "ఏం చేయమన్నాను, చేసి చూపించు" అని అడగండి.

కథ చెప్పేటప్పుడు పుస్తకం ఒళ్ళో కాకుండా రొమ్ము దగ్గర నిలబెట్టండి. బొమ్మ చూడనివ్వండి, ఆగండి, కళ్ళు మీవైపు రాగానే చెప్పండి. బొమ్మ చూపి, సైగ చేసి, కింద ఉన్న అక్షరాన్ని వేలితో చూపి, మళ్ళీ సైగ చేయాలి. సైగనూ అచ్చునూ ఇలా గొలుసు కడితేనే చదవడం పట్టుబడుతుంది. అదే కథ పది రోజులు చెప్పినా పరవాలేదు, ప్రతిసారీ కొంచెం పెంచండి.

మండలంలో భవిత కేంద్రం ఉంటుంది, అక్కడ ప్రత్యేక అవసరాల పిల్లల టీచర్ ఉంటారు. బిడ్డ పేరు అక్కడ రాయించి, ఆ టీచర్‌ను ఇంట్లో వాడే సైగల జాబితా అడిగి తీసుకోమనండి. లేకపోతే బడిలో ఒకటి, ఇంట్లో ఒకటి అవుతుంది. 6 నుంచి 18 ఏళ్ళ దాకా దగ్గరి బడిలో గానీ, ప్రత్యేక బడిలో గానీ ఉచితంగా చదివే హక్కు 2016 చట్టం ఇచ్చింది, ఎంపిక మీది. ఎంచుకునేటప్పుడు ఒక్క ప్రశ్న ముందు వేయండి: ఆ బడిలో నా బిడ్డతో ధారాళంగా మాట్లాడగలిగినవాళ్ళు, మాటతోనో సైగతోనో, ఎందరున్నారు? ఒక్కరూ లేని దగ్గరి బడి కన్నా, బధిర పిల్లలు పదిమంది ఉన్న దూరపు బడి మంచిది. నికరాగువాలో 1977 తర్వాత బధిర పిల్లలను ఒక బడిలో చేర్చినప్పుడు, ఎవరూ నేర్పకుండానే ఆ పిల్లలు ఒకరితో ఒకరు కలిసి ఒక పూర్తి భాషను తయారుచేసుకున్నారు. పదిమంది పిల్లలు కలిసి ఉండటంలో అంత బలం ఉంది.

ఒక నోటు పుస్తకం

నెలకొక పేజీ చాలు. ఒక పక్క బిడ్డ తనంతట తాను వాడిన కొత్త సైగలు, మాటలు, ఇంకో పక్క అర్థం చేసుకున్నవి. కింద మిషన్ రోజుకు ఎన్ని గంటలు పెట్టారు, ఆరు శబ్దాల్లో ఏవి పోయాయి, మౌల్డ్ తేదీ. 18 నెలల తర్వాత రెండు పదాలు కలపడం మొదలైందా చూడండి. సైగల్లో అయినా సరే, అది లెక్కలోకి వస్తుంది. వరసగా మూడు నెలలు కొత్తవి రాకపోతే ఆ పుస్తకం పట్టుకుని ఆడియాలజిస్టు దగ్గరికి వెళ్ళి వినికిడి మళ్ళీ కొలిపించండి. కొన్ని లోపాలు కాలంతో పెరుగుతాయి, జలుబుతో చెవిలో నీరు చేరినా పైకి ఏమీ తెలియకుండానే ఇంకో 20, 30 డెసిబెల్స్ తగ్గుతుంది. మూడేళ్ళ దాకా 3 నెలలకొకసారి, తర్వాత 6 నెలలకొకసారి పరీక్ష ఉండాలి. 6 నెలలు దాటిన బిడ్డకు, శబ్దం వచ్చిన వైపు తిరిగితే వెలిగే బొమ్మతోనూ, రెండున్నరేళ్ళు దాటాక ఆటతోనూ వినికిడి కొలవవచ్చు, నిద్ర మందు అక్కర్లేదు. వెళ్ళే ముందు రోజు కొత్త బ్యాటరీలు, రెండు మౌల్డ్‌లు, సిలికా డబ్బా, ఆ నోటు పుస్తకం సంచిలో వేసుకోండి.